బ్రాంబుల్ కంపెనీకి ఆఖరి ఖాతాదారు

షార్జా ఎడారి అంచున సజ్జాలోని ఆ సిమెంటు ఇటుకల ఫ్యాక్టరీలో రెండే ఋతువులు. ఏసీ గది లోపల ఒకటి, బయట ఒకటి. నూటపది మందిలో లోపలి ఋతువు దక్కినవాళ్ళు ముగ్గురు: మేనేజరు, లెక్కల గుమాస్తా, హయాత్ బాషా. మొదటి ఇద్దరూ లోపల ఎందుకున్నారో అడగాల్సిన పని లేదు. హయాత్ బాషా ఎందుకున్నాడో చెప్పాలంటే మాత్రం సముద్రాలు దాటి, అమెరికాలో ఒక సరస్సు ఒడ్డు ఊళ్ళో, చీజు నిలవచేసుకునే పాత కొట్టం దాకా పోవాలి. పోదాం, తొందరేముంది.

హయాత్ బాషాది నెల్లూరు జిల్లా ఉదయగిరి పక్క. ఎనభై ఎనిమిదిలో ఇటుకల మిషను మీద పనికని వచ్చాడు. జూలై నెలలో సజ్జాలో ఇటుకల మిషను దగ్గర నిలబడడం ఎలా ఉంటుందో నిలబడినవాడికే ఎరుక. నోట్లో సిమెంటు, కనురెప్పల మీద సిమెంటు, చెమట పట్టిన చోటల్లా అది గట్టిపడి, సాయంత్రానికి మనిషే ఒక ఇటుక. రెండేళ్ళు అలా ఇటుకై, తొంభైలో ఒక గురువారం చేతి తొడుగులు చిరిగాయని చెప్పుకోవడానికి ఆఫీసుకు వెళ్ళాడు. అదే రోజు ఆఫీసుకు కంప్యూటరు వచ్చింది. దాని పక్కన ఇంకో చిన్న పెట్టె. కంప్యూటరు చచ్చిపోతే అందులో రాసుకున్నదంతా పోకుండా, వారానికోసారి ఆ పెట్టెలో టేపు దూర్చి నకలు తీసి, ఆ టేపును ఫ్యాక్టరీ బయట దాచాలి. ఆ పని గురువారం మధ్యాహ్నం చెయ్యాలి. గురువారం సగం రోజే పని కాబట్టి ఆఫీసువాళ్ళిద్దరూ షార్జాలో రోల్లా బజారుకు పోయే బస్సు మీద కన్నేసి ఉంటారు. ఎవడికీ ఆ పని అక్కర్లేదు. అక్షరం ముక్క వచ్చి, గుమ్మంలో నిలబడి ఉన్నవాడు హయాత్ బాషా ఒక్కడే.

పెట్టెతో వచ్చిన పుస్తకంలో ఒక మాట ఉంది: టేపు ముట్టుకునేవాడి చేతులు శుభ్రంగా ఉండాలి. అప్పటి మేనేజరు నియమం అంటే ప్రాణం పెట్టే మనిషి. వారమంతా సిమెంటులో ముంచిన చేతులు ఒక్క గురువారం శుభ్రం కావు కదా అని ఆలోచించి, బాషాను పూర్తిగా లోపలికి తెచ్చేశాడు. మిగతా రోజుల్లో గేటు పాసులు రాయమన్నాడు. గేటు పాసులు ఎవడైనా రాస్తాడు. బాషాకు ఆ సంగతి బాగా తెలుసు. టేపు ఉన్నన్నాళ్ళే కుర్చీ. టేపు పోయిన రోజు మళ్ళీ మిషను.

అందుకే ఆ పనిని నమాజంత నిష్ఠగా చేశాడు. గురువారం పన్నెండున్నరకు చేతులు కడుక్కుని, టేపు దూర్చి, తన నోటుపుస్తకంలో రాసుకున్న వరసలో మీటలు నొక్కేవాడు. పెట్టెలో పచ్చదీపం వెలిగేది. టేపు అటు కొసకు పరుగెత్తేది, ఇటు కొసకు పరుగెత్తేది. తొంభై నిమిషాలు. దీపం ఆరాక టేపు తీసి, తారీఖు రాసి, రిజిస్టరులో సంతకం పెట్టి, మేనేజరు చేత ‘సరిచూశాను’ అని ఇంకో సంతకం పెట్టించి, పనివాళ్ళుండే క్యాంపుకు తీసుకుపోయి తన ఇనప్పెట్టెలో లుంగీలో చుట్టి పెట్టేవాడు. ఎనిమిది టేపులు, వంతులవారీగా.

పూర్వం తాటాకు గ్రంథాలున్న ఇళ్ళలో ఏడాదికోసారి వాటిని దించి, నిమ్మగడ్డి నూనె పూసి, ఆరబెట్టి, మళ్ళీ కట్టకట్టే ఆచారం ఉండేది. చదవడం వచ్చినవాళ్ళు పోయాక కూడా రెండు మూడు తరాలు నూనె పూస్తూనే ఉండేవాళ్ళు. లోపల ఏముందో తెలియని వస్తువు మీద మనిషికుండే భక్తి, తెలిసినదాని మీద ఉండదు.

ఇక ఆ చీజు కొట్టం. పెట్టె తయారుచేసిన కంపెనీ పేరు బ్రాంబుల్ మాగ్నెటిక్స్. పుస్తకం చివర ఎనిమిది పేజీల్లో కంపెనీ తన పుట్టుక చెప్పుకుంది. బాషా నిఘంటువు పెట్టుకుని తొమ్మిది నెలల్లో అది పూర్తిగా చదివాడు. ఎనభై మూడులో ఇద్దరు స్నేహితులు, ఒకడు రేడియో స్టేషనులో టేపులు అతికించినవాడు, రెండోవాడు కుట్టుమిషన్లు బాగుచేసినవాడు, ఖాళీగా పడివున్న కొట్టం అద్దెకు తీసుకున్నారు. అప్పుడప్పుడే ఇళ్ళలోకి కంప్యూటర్లు వస్తున్నాయి. అందులో ఉన్నదంతా నకలు తియ్యాలంటే ఇరవై ముప్ఫై ఫ్లాపీలు ఒకదాని తర్వాత ఒకటి దూర్చాలి. ఏడో ఫ్లాపీ దగ్గర జనానికి విసుగొచ్చి లేచిపోయేవాళ్ళు. ఒక్క టేపులో అంతా పట్టిస్తే మనిషి కూర్చుని టీ తాగొచ్చు గదా అని వీళ్ళ ఆలోచన. మొదటి పెట్టె చీజు వాసన కొట్టిందట. నాలుగేళ్ళలో మూడువందల మంది పనివాళ్ళు, పదకొండు దేశాల్లో అమ్మకం. ఆ పదకొండులో ఒకటి మన సజ్జా.

పుస్తకంతోపాటు వచ్చిన వారంటీ కార్డు నింపి పంపిన మనిషి గల్ఫు మొత్తానికి బాషాయే అయ్యుండాలి. జవాబు వచ్చింది. ‘బ్రాంబుల్ కుటుంబానికి స్వాగతం’ అని, కింద ఇ. లింద్‌క్విస్ట్ అని సంతకం. అప్పట్నుంచి ఏడాదికోసారి ఉత్తరం రాసేవాడు: పెట్టె బాగుంది, మీరు బాగున్నారని తలుస్తాను. జవాబులొచ్చేవి. ఆ కంపెనీ చరిత్ర మిగతా భాగమంతా ఆ జవాబుల కాగితాల నెత్తి మీదే ఉంది. బ్రాంబుల్ అంటే ముళ్ళపొద. మొదట ఆ ముళ్ళపొద బొమ్మతో బ్రాంబుల్ మాగ్నెటిక్స్. తొంభై మూడులో పైన ఇంకెవరిదో పెద్ద పేరు, ముళ్ళపొద కింది మూలకు జరిగింది. డిస్కులు చేసే కంపెనీ ఒకటి వీళ్ళను కొనేసింది. తొంభై ఏడులో ఆ డిస్కుల కంపెనీని ప్రింటర్ల కంపెనీ మింగింది, ముళ్ళపొద గోరంతైంది. రెండువేలలో ప్రింటర్ల కంపెనీ దివాలా తీస్తే, మిగిలిన బీరువాలనూ హామీలనూ కలిపి ఆసుపత్రి సీసాలకు స్టిక్కర్లు వేసే కంపెనీ కొనుక్కుంది. ముళ్ళపొద మాయమైంది. ఎన్ని చేపలు ఎన్ని చేపల్ని మింగినా కింద సంతకం మాత్రం మారలేదు. ఇ. లింద్‌క్విస్ట్. ఏ బీరువాలో ఏముందో ఆ మనిషికే తెలుసు కాబట్టి, మింగినవాళ్ళంతా బీరువాలతోపాటు ఆ మనిషినీ ఉంచుకున్నారు.

రెండువేల రెండులో ఫ్యాక్టరీకి కొత్త మేనేజరు వచ్చాడు. కాకినాడ మనిషి, వీరరాఘవరావు. వచ్చిన మూడో రోజే పెట్టె వైపు చూశాడు.

“ఏవయ్యా బాషా, ఇదేంటి, టేపురికార్డరా?”

“బ్యాకప్పు సార్. బ్రాంబుల్ కంపెనీది.”

“ఈ కాలంలో టేపులేంటయ్యా. సీడీ కొట్టుకుంటే అయిపోద్ది. తీసి అవతల పడెయ్యి.”

బాషాకు మిషను చప్పుడు చెవుల్లో వినిపించింది. కానీ అదే నెలలో అర్బాబు, అంటే ఫ్యాక్టరీ యజమాని, తన బావమరిది కంపెనీ గోడకు నాణ్యతా సర్టిఫికెట్టు వేలాడుతుంటే చూసి, తనకూ ఒకటి కావాలన్నాడు. ఆ సర్టిఫికెట్టు కోసం ప్రతి పనికీ పద్ధతి రాసి ఉండాలి, రిజిస్టరు ఉండాలి, సంతకాలుండాలి. వీరరాఘవరావు ఫ్యాక్టరీ అంతా గాలిస్తే, పన్నెండేళ్ళుగా ఒక్క వారం తప్పకుండా రెండేసి సంతకాలున్న రిజిస్టరు ఒక్కటే దొరికింది. ఆ సాయంత్రం ఆయన బాషాకు టీ చెప్పించాడు.

మరుసటి ఏడు మేలో, శుక్రవారం సెలవు రోజున ఏసీ ఆగిపోతే ఆ వేడికి, పెట్టెలో టేపును తిప్పే రబ్బరు చక్రం కరిగి హల్వా అయింది. బాషా ఉత్తరం రాశాడు. ఆరు వారాలకు కవరులో బఠాణీ గింజంత కొత్త చక్రం వచ్చింది, చేతిరాతతో చిన్న చీటీ కూడా: ‘ఇది బీరువాలో చివరిది. నా పేరు ఎల్సా. మీ ఉత్తరాలు వస్తున్నాయి కాబట్టి టేపుల విభాగం ఇంకా ఉందని మా వాళ్ళు నమ్ముతున్నారు. విభాగమంటే నేనొక్కదాన్నే.’ క్యాంపు గదిలోవాళ్ళు ఆమెకు ఎల్సమ్మ అని పేరు పెట్టారు.

రెండువేల నాలుగులో తనిఖీదారు వచ్చి రిజిస్టరు తిరగేసి, టేపులు బయట దాచే పద్ధతి విని, ఇంత క్రమశిక్షణ తాను బ్యాంకుల్లో కూడా చూడలేదని రాసుకుపోయాడు. సర్టిఫికెట్టు గోడకెక్కింది. బాషాకు ‘బ్యాకప్ కంట్రోలర్’ అనే హోదా వచ్చింది. ఆ హోదాతో అతను క్యాంపు గదిలో ఒక చట్టం కూడా తెచ్చాడు: రేడియో స్పీకరులో అయస్కాంతం ఉంటుంది, టేపులకు మంచిది కాదు, గదిలో రేడియో ఉండకూడదు. గదిలో ఉండే కడప ఇనాయతుల్లా సిమెంటు కలిపే మిక్సరు మీద పనిచేసేవాడు, పాటలంటే పడిచచ్చేవాడు. పాపం అతను తన రేడియోను పక్క గదిలో పెట్టి, తలుపు దగ్గర నిలబడి వినేవాడు.

రెండువేల ఆరు ఆగస్టులో కంప్యూటరు చచ్చిపోయింది.

ఫ్యాక్టరీకి నష్టమేమీ లేదు. కంప్యూటరులో ఉన్నదంతా కాగితాల మీదా ఉంది. గుమాస్తాకు దాన్ని నమ్మే అలవాటు ఏనాడూ లేదు. కానీ జనవరిలో సర్టిఫికెట్టు మళ్ళీ ఇచ్చే తనిఖీ ఉంది, డిస్కు చచ్చిన సంగతి రిజిస్టరులో రాసి ఉంది, టేపుల నుంచి తిరిగి తెచ్చామని చూపించాలి. దుబాయ్ దెయ్‌రాలో కంప్యూటర్ల షాపులో చేసే ప్రేమ్‌చంద్ కొత్త డిస్కు బిగించడానికి వచ్చాడు. నర్సాపురం కుర్రాడు, ఆదివారం చర్చిలో కీబోర్డు వాయిస్తాడు. బాషా ఎనిమిది టేపులూ లుంగీతో సహా తెచ్చాడు.

“బాషాగారూ, ఇందులో ఏం లేదండి.”

“అది పాతదిలే. మొన్న గురువారంది పెట్టు.”

ప్రేమ్‌చంద్ పెట్టాడు. తర్వాత ఇంకోటి. ఎనిమిదీ పెట్టాడు.

“ఒక్క అక్షరం లేదండి. మీరు ఏం నొక్కేవారో చూపిస్తారా?”

బాషా నోటుపుస్తకం ఇచ్చాడు. తెలుగులో, గుండ్రటి అక్షరాల్లో: ఒకటి నొక్కాలి. ఎంటరు. వై నొక్కాలి. ఎంటరు. దీపం ఆరేదాకా కూర్చోవాలి.

ప్రేమ్‌చంద్ మొదటి మాట మీద వేలు పెట్టాడు. “ఒకటంటే ఫార్మాటండి. కొత్త టేపుకి గీతలు కొట్టడం. జన్మకోసారి చేస్తే చాలు. మళ్ళీ చేస్తే ఉన్నది తుడిచేస్తుంది. నకలు తియ్యాలంటే రెండు నొక్కాలి. మీ పుస్తకంలో రెండు లేదండి.”

“రెండు నొక్కబోతుండగా బస్సు వచ్చిందయ్యా,” అన్నాడు బాషా మెల్లగా. నేర్పడానికి వచ్చిన డీలరు మనిషి కుంజుమోన్, మొదటి టేపుకు తొంభై నిమిషాలు గీతలు కొట్టించి, ఇక అసలు పని చూడు అనబోతుండగా రోల్లా బస్సు హారను కొట్టింది. మిగతాది వచ్చే వారం చెప్తానని బస్సెక్కాడు. వచ్చే వారానికి అతనికి మస్కట్‌లో ఉద్యోగం దొరికింది. మిగతాదంటే ఏదో చిల్లర సంగతనుకున్నాడు బాషా; చూపించిందే అసలు పని అనుకున్నాడు.

“అంటే పదహారేళ్ళు పలక కడిగి, ఆరబెట్టి, పెట్టెలో దాచారండి,” అన్నాడు ప్రేమ్‌చంద్, నవ్వకుండా. “నేనైతే కాగితం మీద ‘టేపులు ఖాళీ’ అని మాత్రం రాస్తాను. ఎందుకు ఖాళీ అని నన్నెవరూ అడగలేదు.”

కరి మింగిన వెలగపండని సామెత. పైన పెంకు చెక్కుచెదరదు, లోపల గుజ్జుండదు. క్యాంపులో ఈ సంగతి విన్న ఇనాయతుల్లా మంచం మీద లేచి కూర్చున్నాడు.

“అంటే ఏందన్నా, ఆ ఖాళీ డబ్బాల కోసరం నేను రెండేండ్లు తలుపు కాడ నిలబడి పాటలింటి?”

“తప్పయింది ఇనాయత్.”

“తప్పు సంగతి తర్వాత. రేడియో యాడుంది, తేండిరా.”

వీరరాఘవరావు కాగితం చదివి, రిజిస్టరు తెరిచి, తన సంతకాలు లెక్కపెట్టుకున్నాడు. రెండువందలకు పైన ‘సరిచూశాను’లున్నాయి. ఎందుకు ఖాళీ అని ఆయనా అడగలేదు. నేరుగా కంపెనీకి ఫిర్యాదు టైపు చేయించాడు: మీ నాసిరకం సరుకు వల్ల మా పదహారేళ్ళ సమాచారం గల్లంతైంది, సంజాయిషీ ఇవ్వండి. బాషాకు ఆ రోజే నోరు తెరవాలనిపించింది. నోటికీ మిషనుకీ మధ్య పది గజాల దూరమే ఉంది. నోరు తెరవలేదు.

నవంబరులో జవాబు వచ్చింది. స్టిక్కర్ల కంపెనీ క్షమాపణ చెప్పింది. లోపం పూర్తిగా తమదేనని రాసిచ్చింది. వీరరాఘవరావు ఆ కాగితాన్ని, పెద్ద నోటును వెలుతురుకు ఎత్తి చూసినట్టు చూశాడు.

“ఖలాస్. ఇది ఫైల్లో పెడితే తనిఖీవాడు నోరెత్తడు. సరుకు తప్పు, మన తప్పు కాదు. కొత్త టేపు మిషను ఆర్డరిస్తున్నా బాషా. నీ హోదా నీదే, నీ కుర్చీ నీదే.”

బాషా ఉత్తరం తీసుకుని చివరి దాకా చదివాడు. ‘ఈ ఫిర్యాదు దృష్ట్యా టేపుల విభాగాన్ని జనవరి ఆఖరుకు మూసేస్తున్నాం. విభాగ బాధ్యురాలు ఇ. లింద్‌క్విస్ట్‌ను విధుల నుంచి తప్పిస్తున్నాం.’ పదహారేళ్ళలో మొదటిసారి కింద వేరే సంతకం ఉంది.

రెండు రోజులు అన్నం సయించలేదు. మూడో రోజు ఇనాయతుల్లాకు చెప్పాడు.

“నువ్వు నిజం చెప్తే ఏమైతాది?”

“మిషను మీదికి పంపుతారు.”

“ఆయమ్మ నీకేమవుతాదన్నా? సుట్టమా, పక్కమా?”

“రబ్బరు చక్రం పంపింది.”

“యాభై దగ్గరికొచ్చినావు. ఎండలో నిలబడతావా, చక్రం కోసరం?”

“ఆ పెట్టె నేను చెప్పిందే చేసింది ఇనాయత్. తుడవమంటే తుడిచింది. ఒక్క వారం కూడా తప్పు చెయ్యలేదు. దాన్ని నాసిరకం అన్నారు.”

ఇనాయతుల్లా రేడియో చప్పుడు తగ్గించాడు. “రాయి మరి. నీకు నిద్ర పట్టేట్టు లేదు, మమ్మల్ని పడుకోనిచ్చేట్టు లేవు.”

ఉత్తరం ఒక పేజీ అయింది. నోటుపుస్తకంలోని కాగితం నకలు, దానికి ఇంగ్లీషు అర్థం, కింద ‘హయాత్ బాషా, బ్యాకప్ కంట్రోలర్’. రిజిస్టరు పోస్టులో పంపి, పద్ధతి ప్రకారం ఇంకో నకలు ఫైల్లో పెట్టాడు. వీరరాఘవరావుకు అది జనవరిలో, తనిఖీదారు ముందు ఫైలు తెరిచినప్పుడు కనబడింది. కంపెనీ క్షమాపణ, దాని వెనకే బాషా ఉత్తరం.

“ఇదెవరు పెట్టమన్నారయ్యా?” అన్నాడు తెలుగులో, ముఖం మీద చిరునవ్వు చెరగనివ్వకుండా.

“పద్ధతి నంబరు ఏడు సార్. బయటికి పోయే ప్రతి ఉత్తరానికీ నకలు ఫైల్లో ఉండాలి. మీరు రాసిందే.”

తనిఖీదారు ఉత్తరం రెండుసార్లు చదివాడు. తన తప్పు తానే రాసి, సంతకం పెట్టి, వరస నంబరు వేసి ఫైల్లో పెట్టిన మనిషిని తాను ఇంతవరకు చూడలేదన్నాడు. సర్టిఫికెట్టు ఇస్తాను, ఒక్క షరతు: తయారీదారే ఈ మనిషికి మళ్ళీ శిక్షణ ఇవ్వాలి, ఆ కాగితం చూపించాలి.

తయారీదారు ఎక్కడ? చీజు కొట్టాన్ని డిస్కులు మింగాయి, డిస్కులను ప్రింటర్లు, ప్రింటర్లను స్టిక్కర్లు. అంత పెద్ద స్టిక్కర్ల కంపెనీలో టేపు గురించి శిక్షణ ఇవ్వగలిగింది ఒక్క మనిషి. ఆమెను తప్పించే రోజుకు ఇంకా వారముంది. మరోవైపు బాషా ఉత్తరం కూడా చేరింది, సరుకులో లోపం లేదని తేలింది. ఎల్సమ్మను ఉంచేశారు. ఏప్రిల్లో ఆమె దగ్గర్నుంచి పార్సిలు వచ్చింది: కొత్త మిషను బదులు, బీరువా వెనక దొరికిన బ్రాంబుల్ పెట్టె ఒకటి, శిక్షణ పూర్తయినట్టు ధ్రువపత్రం, రెండు వాక్యాల శిక్షణ. ‘ఒకటి ఇక ఎప్పుడూ నొక్కవద్దు. రెండు నొక్కండి.’

గురువారం వీరరాఘవరావు స్వయంగా వచ్చి పక్కన నిలబడ్డాడు. బాషా రెండు నొక్కాడు. పచ్చదీపం వెలిగింది. కొంతసేపటికి ఆరింది.

“అయిపోయిందా?”

“అయిపోయింది సార్. పదకొండు నిమిషాలు.”

“మరి ఇన్నేళ్ళూ తొంభై పట్టేది కదయ్యా.”

“తుడవడానికి పట్టేది సార్. రాయడానికి ఇంతే.”

వీరరాఘవరావు గడియారం చూసుకున్నాడు. కోపం కూడా రాలేదు ఆయనకు. ఇంత తేలికైన లెక్క ఆయనకు ఆ ఫ్యాక్టరీలో ఇంతవరకు తగల్లేదు. “పదకొండు నిమిషాల పనికి కుర్చీ ఎందుకయ్యా. గురువారం వచ్చి చేసిపో. శనివారం నుంచి ఇనాయతుల్లాతో మిక్సరు దగ్గరకెళ్ళు.”

బాషా వెళ్ళాడు. కుంజుమోన్ ఆ రోజే రెండు నొక్కడం కూడా నేర్పి ఉంటే, పదహారేళ్ళ కిందటే మళ్ళీ ఇక్కడికి వచ్చేవాడినని అతనికి ఇటుకల మధ్య నిలబడ్డాక తోచింది. ఆ సంగతి ఇనాయతుల్లాకు చెప్తే, బస్సువాడికి దువా చెయ్యమన్నాడు.

రెండువేల ఎనిమిది జనవరిలో ఎల్సమ్మ రాసింది. స్టిక్కర్ల కంపెనీకి కొత్త నిబంధన వచ్చిందట. ఏ విభాగమైనా కొనసాగాలంటే మూడు నెలల్లో కనీసం ఒక్క ఖాతాదారు ఫిర్యాదు ఉండాలి. టేపుల విభాగానికి ఖాతాదారు ఒక్కరే. ‘మిమ్మల్ని ఇబ్బంది పెట్టాలని కాదు,’ అని ముగించింది.

మధ్యాహ్నం అన్నాల వేళ, ఇటుకల గుట్ట నీడలో బాషా తెల్లకాగితం తొడ మీద పెట్టుకుని కూర్చున్నాడు.

“ఏదో ఒకటి రాసెయ్యన్నా,” అన్నాడు ఇనాయతుల్లా. “తిరగడం లేదను. పొగొచ్చిందను.”

“అబద్ధం ఎట్టా రాస్తాను? అది బాగా తిరుగుతుంది.”

“ఒక్క లోపం కూడా లేదా?”

బాషా చాలాసేపు ఆలోచించాడు. హారను కొట్టేశారు, ఇనాయతుల్లా లేచి గిన్నె కడుక్కున్నాడు. అప్పుడు బాషా తల వంచుకుని, గుండ్రటి అక్షరాలతో, మనస్ఫూర్తిగా రాశాడు: అయ్యా, మీ యంత్రం పని పదకొండు నిమిషాల్లో ముగించేస్తున్నది. ఇది మరీ తక్కువ. దయచేసి పరిశీలించగలరు.